మసాఫెర్ యట్టాలో కెమెరా ఎవరి పక్షం?

ఇజ్రాయెల్ సైన్యం పాలస్తీనా పల్లెలను కూల్చడం మీద తీసిన 'నో అదర్ ల్యాండ్' చూసిన నా స్నేహితుల్లో చాలామంది ఇంచుమించు ఒకే మాట అన్నారు. కదిలించింది, ఏడిపించింది, కానీ దాన్ని డాక్యుమెంటరీ అని ఎలా అంటాం, ఉద్యమంలో ఉన్నవాళ్లు తమ కోసం తీసుకున్న సినిమా కదా అని. ఎడిటింగ్ పనిలో ఉన్న ఒక మిత్రుడు ఇంకాస్త గట్టిగా పట్టుకున్నాడు. తీసేవాడే బాధితుడు, తీసేవాడే కార్యకర్త, సినిమాలో ముఖ్యపాత్ర కూడా అతనే, మరి చూసేవాళ్లు ఎవర్ని నమ్మాలి అన్నాడు. మంచి ప్రశ్నే. ఫోన్లో చెప్పగలిగినంత చిన్న జవాబు దానికి లేదు. అందుకే ఇక్కడ రాస్తున్నాను.

నా మాట ముందే చెప్పేస్తాను. ఆ సినిమా తీసినవాళ్లలో ఒకడు, అందులో ముఖ్యపాత్ర అయిన పాలస్తీనా యువకుడు బాసెల్ అద్రా కార్యకర్త అయినందువల్ల ఆ సినిమా విలువ ఏమీ తగ్గలేదు. ఆ పనిలో ఉండబట్టే అతను దాన్ని తీయగలిగాడు. ఎంత పేరున్న దర్శకుడు వెళ్లినా ఆ దృశ్యాలు దొరికేవి కావు. పక్షం ఉన్న మనిషి నిజం చెప్పలేడన్న నమ్మకం మనకు ఎక్కడి నుంచి వచ్చిందో కూడా ఒకసారి ఆలోచించాలి.

ముందు ఊళ్ల సంగతి. ఇజ్రాయెల్ ఆక్రమణలో ఉన్న పాలస్తీనా ప్రాంతం వెస్ట్ బ్యాంక్. దాని దక్షిణపు కొసన, హెబ్రాన్ పట్టణానికి దిగువన, రాతి గుట్టల మీద విసిరేసినట్టుగా కొన్ని చిన్న పల్లెలున్నాయి. అన్నిటినీ కలిపి మసాఫెర్ యట్టా అంటారు. గొర్రెలు, మేకలు మేపుకుంటూ, వాన పడితే కాస్త గోధుమ, బార్లీ వేసుకుంటూ బతికే జనం. చాలా కుటుంబాలు తరతరాలుగా కొండ గుహల్లోనే కాపురం చేశాయి. తర్వాత వాటి పక్కన గదులు, రేకుల షెడ్లు కట్టుకున్నాయి. 1980ల మొదట్లో ఇజ్రాయెల్ సైన్యం అక్కడ సుమారు 3,000 హెక్టార్ల నేలను సైనిక శిక్షణ కోసమని గీత గీసి, 'ఫైరింగ్ జోన్ 918' అని పేరు పెట్టింది. 1999లో ఏడు వందలమందికి పైగా జనాన్ని వాహనాలు ఎక్కించి బయటికి పంపేసింది. 2000లో ఇజ్రాయెల్ సుప్రీంకోర్టు మధ్యంతర ఉత్తర్వు ఇవ్వడంతో వాళ్లు తిరిగొచ్చారు. ఆ కేసు ఇరవయ్యేళ్లు దాటి నడిచింది. చివరికి 2022 మేలో తీర్పు వచ్చింది. ఆ నేలను ఫైరింగ్ జోన్‌గా ప్రకటించేనాటికి వాళ్లు అక్కడ శాశ్వత నివాసులని రుజువు కాలేదు కాబట్టి సైన్యం వాళ్లను ఖాళీ చేయించుకోవచ్చని కోర్టు చెప్పింది. వెయ్యిమందికి పైగా మనుషుల ఇళ్లకు సంబంధించిన తీర్పు అది.

ఆ తీర్పుకు రెండేళ్ల ముందు ఇంకో విషయం బయటపడింది. అకెవోత్ అనే ఇజ్రాయెలీ పరిశోధన సంస్థ ప్రభుత్వ దస్త్రాల్లోంచి 1981 నాటి ఒక సమావేశపు మినిట్స్ వెలికి తీసింది. అప్పుడు వ్యవసాయ మంత్రిగా ఉన్న ఏరియల్ షరోన్ ఆ సమావేశంలో సైన్యానికి ఆ ప్రాంతంలో మరింత శిక్షణ స్థలం ఇవ్వడానికి ముందుకొచ్చాడు. కొండల మీది అరబ్ గ్రామీణులు ఎడారి వైపు విస్తరించకుండా ఆపాలన్నది ఆయన చెప్పిన కారణం. శిక్షణ కోసం ఖాళీ నేల కావాలి, తీరా చూస్తే అక్కడ జనం ఉన్నారు, అందుకని వాళ్లను లేపాల్సి వచ్చింది అన్న కథ ఆ కాగితంతో తిరగబడింది. జనం ఉన్నారు కాబట్టే ఆ నేలను శిక్షణకు ఎంచుకున్నారు. సినిమాలో బాసెల్ ఈ కాగితం గురించి చెబుతాడు. నా మిత్రుడు ఏకపక్షం అన్న సినిమాలో అతి బలమైన సాక్ష్యం ఇజ్రాయెల్ సొంత దస్త్రాల్లోంచి వచ్చిందే.

వెస్ట్ బ్యాంక్‌లో అరవై శాతం నేల పూర్తిగా ఇజ్రాయెల్ సైనిక పాలన కింద ఉంది. అక్కడ పాలస్తీనా వాళ్లు ఇల్లు కట్టుకోవాలంటే సైనిక పాలనా యంత్రాంగం అనుమతి కావాలి. ఆ అనుమతి దొరకడం దాదాపు అసాధ్యం. దొరకదు కాబట్టి అనుమతి లేకుండా కడతారు. అనుమతి లేదు కాబట్టి కూలగొడతారు. కొన్నేళ్ల పాటు ఇదే తిరుగుతూ ఉంటే ఒక ఊరి గతి ఏమవుతుందన్నదే ఈ సినిమా.

బాసెల్ 1996లో పుట్టాడు. ఊరు అత్తువానీ. తండ్రి నాసెర్ చిన్న పెట్రోల్ బంకు నడుపుతాడు, చాలాసార్లు అరెస్టయినవాడు. అయిదేళ్ల వయసులో ఒక రాత్రి ఇంట్లో వెలుతురు పడి మెలకువ వచ్చిందని, సైనికులు తండ్రిని పట్టుకుపోవడానికి వచ్చారని, తనకు గుర్తున్న మొదటి సంగతి అదేనని బాసెల్ సినిమాలో చెబుతాడు. ఊళ్లో బడి కట్టిన కథ కూడా చెబుతాడు. పగలు ఆడవాళ్లు, పిల్లలు కట్టేవాళ్లు, రాత్రి మగవాళ్లు కట్టేవాళ్లు. పగలు మగవాళ్లు కనబడితే అరెస్టు చేస్తారు, ఆడవాళ్లయితే సైనికులు కాస్త వెనకాడతారు అన్న లెక్క. తర్వాత బ్రిటన్ మాజీ ప్రధాని టోనీ బ్లెయిర్ ఆ ఊరికి వచ్చి కాసేపు నడిచి వెళ్లాడు. ఆయన నడిచిన వీధిలో కూల్చివేత ఉత్తర్వులు రద్దయ్యాయి. ఆయన కాలు పెట్టని చోట అవి అలాగే మిగిలాయి. అధికారం ఎలా పనిచేస్తుందో చెప్పడానికి ఇంతకన్నా సూటి ఉదాహరణ నేను వేరే ఏ సినిమాలోనూ చూడలేదు.

బాసెల్ న్యాయశాస్త్రం చదివాడు. కానీ అతను రోజూ చేసిన పని వేరు. ఫోను మోగుతుంది, ఫలానా పల్లెకి బుల్డోజర్లు వస్తున్నాయంటారు. కారు తీస్తాడు, పరిగెత్తుతాడు, రికార్డ్ బటన్ నొక్కుతాడు. ఆ పరుగులో ఫ్రేమ్ సరిచూసుకునే తీరిక ఉండదు. కెమెరా ఊగుతుంది, అతని ఊపిరి వినబడుతుంది, ఎవరో నెడతారు, ఆకాశం కనబడుతుంది, మళ్లీ నేల కనబడుతుంది. సైనికుడు వెళ్లిపొమ్మంటాడు. అతను వీడియో తీస్తున్నాను, తీస్తున్నాను అని అరుస్తాడు. ఆ అరుపు సైనికుడికీ వినబడాలి, ఊరివాళ్లకీ వినబడాలి. కెమెరా ఉందని తెలిస్తే దెబ్బ పడబోయే చెయ్యి ఒక్క క్షణం ఆగొచ్చన్న ఆశ అందులో ఉంది. తీసిన క్లిప్పు ఆ సాయంత్రానికి నెట్‌లో ఉంటుంది, పత్రికల వాళ్లకు వెళుతుంది, అవసరమైతే లాయర్ల చేతికి వెళుతుంది. పాలస్తీనా, ఇజ్రాయెలీ పాత్రికేయులు కలిసి నడిపే +972 మ్యాగజైన్ అనే వెబ్ పత్రికకి అతను వార్తలు కూడా రాస్తాడు. సినిమా అన్న ఆలోచన రాకముందే ఆ ఫుటేజ్ పనిచేయడం మొదలుపెట్టింది.

2019 నుంచి 2023 దాకా ఇలా పోగైన దృశ్యాలకు, ఇంట్లోవాళ్లు, ఇరుగుపొరుగు దాచిన పాత వీడియోలు కలిశాయి. బాసెల్‌తో పాటు దగ్గరలోని సూస్యాకు చెందిన హమ్‌దాన్ బల్లాల్, ఇజ్రాయెలీ పాత్రికేయుడు యువాల్ అబ్రహాం, ఇజ్రాయెలీ ఛాయాగ్రాహకురాలు రేచల్ షోర్ కలిసి దాన్ని సినిమాగా కూర్చారు. 2024 ఫిబ్రవరిలో బెర్లిన్‌లో ఉత్తమ డాక్యుమెంటరీ అవార్డు, ప్రేక్షకుల అవార్డు రెండూ వచ్చాయి. 2025 మార్చి 2న ఆస్కార్ వచ్చింది. ఇంత జరిగినా అమెరికాలో విడుదల చేయడానికి డిస్ట్రిబ్యూటర్ దొరకలేదు. వాళ్లే థియేటర్లు మాట్లాడుకుని విడుదల చేసుకున్నారు. మయామీ బీచ్‌లో ఒక చిన్న థియేటర్ ఆ సినిమా వేసిందని ఊరి మేయర్ దాని లీజు రద్దు చేయించబోయి, గొడవయ్యాక వెనక్కి తగ్గాడు.

ఇప్పుడు నా మిత్రుడి ప్రశ్నకి వస్తాను.

రోజువారీ క్లిప్పుకీ ఈ సినిమాకీ తేడా ఏమిటో చూడాలి. క్లిప్పులో బుల్డోజర్ కనబడుతుంది, గోడ పడుతుంది, ఒకావిడ ఏడుస్తుంది, అయిపోతుంది. ఫోన్లో అలాంటివి మనం ఎన్ని చూశామో లెక్కలేదు. వేలితో పైకి తోసేస్తాం. సినిమా అక్కడ ఆగదు. గోడ పడ్డాక ఆ కుటుంబం సామాన్లు ఎక్కడ పెట్టుకుంది, పరుపులు గుహలోకి ఎలా మోసుకెళ్లారు, పిల్లకి కొత్త చోట నిద్ర పట్టిందా, రాత్రి దీపాలు పెట్టుకుని మళ్లీ ఎలా కట్టారు, కట్టినదాన్ని మళ్లీ ఎప్పుడు పడగొట్టారు, ఇవన్నీ చూపిస్తుంది. బావిలో సిమెంటు పోస్తున్న సైనికులు కనబడతారు. నీటి పైపుని రంపంతో కోస్తుంటే ఒక మనిషి నీళ్లు మనిషి హక్కు కదా అని మొత్తుకుంటాడు. పిల్లలు లోపల ఉండగానే బడి దగ్గరికి యంత్రాలు వస్తాయి. ఒక జనరేటర్ కోసం పెనుగులాటలో హారూన్ అబూ అరామ్ అనే యువకుడి మీద కాల్పులు జరుగుతాయి. అది 2021 జనవరి 1. మెడ కింద శరీరం చచ్చుబడిపోయింది. సొంత ఇల్లు అప్పటికే కూల్చేయడంతో అతను గుహలో మంచాన పడ్డాడు. తల్లే అన్నీ చూసుకుంది. రెండేళ్ల తర్వాత, 2023 ఫిబ్రవరిలో చనిపోయాడు. కాల్పుల వార్త ఒక రోజు వార్త. ఆ రెండేళ్లు వార్త కావు. ఆ రెండేళ్లను చూపించాలంటే ఆ గుహకి పదే పదే వెళ్లగలిగిన మనిషి కావాలి, తల్లి లోపలికి రానిచ్చే మనిషి కావాలి. అలాంటి మనిషిని పొరుగువాడు అంటాం. పొరుగువాడు ఆ ఇంటి పక్షాన ఉండకుండా ఎలా ఉంటాడు?

తటస్థంగా తీసే దర్శకుడు అంటే ఎవరో నాకు చాలాకాలంగా అర్థం కాదు. షూటింగ్‌కి వచ్చి తిరిగి వెళ్లిపోగల మనిషినే మనం తటస్థుడు అంటున్నాం. దూరం ఉంటే కొన్ని విషయాలు బాగా కనబడతాయి, ఒప్పుకుంటాను. కానీ దూరంగా ఉన్నవాడు ఫోను మోగగానే పావుగంటలో అక్కడుండలేడు. సైన్యం తరఫున మాట్లాడే ప్రతినిధికీ పక్షం ఉంది, ఆయన ప్రకటనని మాత్రం వార్తల్లో 'అధికారిక వివరణ' అని వేస్తారు. పల్లెలో కెమెరా పట్టినవాడి దగ్గరికి వచ్చేసరికి 'కార్యకర్త' అని ముందే ఒక చీటీ అంటిస్తాం.

అయితే పక్షం ఉన్న సినిమాలో ప్రమాదమే లేదని నేను అనను. ఎడిటర్ మిత్రుడికి ఇది నాకన్నా బాగా తెలుసు. జెనిన్ శరణార్థి శిబిరం మీద ఇజ్రాయెల్ సైన్యం చేసిన దాడి గురించి మొహమ్మద్ బక్రీ 2002లో తీసిన 'జెనిన్, జెనిన్' సంగతి చూడండి. ఇజ్రాయెల్ సెన్సార్ బోర్డు దాన్ని నిషేధించింది, సుప్రీంకోర్టు 2003లో ఆ నిషేధాన్ని కొట్టేసింది. తర్వాత ఆ సినిమాలో కొన్ని క్షణాలు కనబడిన ఒక సైనికుడు, తనను దొంగగా చూపించారని దావా వేశాడు. 2021లో జిల్లా కోర్టు అతనికి 1,75,000 షెకెళ్ల పరిహారం ఇవ్వమని చెప్పి, ఇజ్రాయెల్‌లో సినిమా ప్రదర్శనను ఆపేసింది. 2022లో సుప్రీంకోర్టు ఆ తీర్పునే నిలబెట్టింది. కొన్ని సెకన్ల దృశ్యం కోసం మొత్తం సినిమాని ఆపేయడం అన్యాయమని నా అభిప్రాయం. జెనిన్ శరణార్థి శిబిరంలో జరిగిన విధ్వంసం ఆ తీర్పుతో చెరిగిపోదు. కానీ ఒక మనిషి మాటల పక్కన ఇంకో మనిషి ముఖం పెట్టి ఆ పని చేసింది ఇతనే అనిపించేలా కోస్తే, అది నిలదీయాల్సిన విషయమే. బాధితుల పక్షాన ఉన్నవాళ్లం మరీ గట్టిగా నిలదీయాలి, ఎందుకంటే అలాంటి ఒక్క కోత చూపించి మిగతా సాక్ష్యాన్నంతా కొట్టిపారేస్తారు.

ఆ పరీక్షనే 'నో అదర్ ల్యాండ్'కి పెట్టి చూడండి. ఆస్కార్ వచ్చినప్పుడు ఇజ్రాయెల్ సాంస్కృతిక మంత్రి మికీ జోహర్ సినిమా ప్రపంచానికి ఇది విచారకరమైన క్షణం అన్నాడు. ఎంతోమంది దాన్ని ప్రచారం అన్నారు. సరే, ఏ షాట్ అబద్ధం? ఏ ఇల్లు కూలలేదు? ఏ బావిలో సిమెంటు పోయలేదు? కూల్చివేతలకు చట్టబద్ధత ఉందని సైన్యం చెబుతోంది తప్ప, అవి జరగలేదని చెప్పడం లేదు. వాదన అంతా ఆ పని చేయవచ్చా లేదా అన్నదాని మీద. జరిగిందన్నదాని మీద వాదనే లేదు. అలాంటప్పుడు ప్రచారం అన్న మాటకి, మాకు చూడ్డం ఇష్టం లేదు అన్నదానికి మించి అర్థం నాకు కనబడలేదు.

ఇంకో విమర్శ అటువైపు నుంచి, పాలస్తీనా వాళ్ల నుంచే వచ్చింది. దాన్ని నేను తేలిగ్గా తీసుకోను. ఇజ్రాయెల్‌ని సాంస్కృతికంగా బహిష్కరించాలని పనిచేస్తున్న పాలస్తీనా సంస్థ ఈ సినిమా తమ నియమాలను ఉల్లంఘించిందని 2025 మార్చిలో ప్రకటన ఇచ్చింది. ఆక్రమించినవాళ్లు, ఆక్రమణకు గురైనవాళ్లు పక్కపక్కన కూర్చుని సినిమా తీస్తే లోకానికి అంతా మామూలుగానే ఉందనిపిస్తుంది అన్నది వాళ్ల భయం. ఆ భయానికి ఆధారం ఉంది. పాలస్తీనా మనిషి ఒక్కడే ఏళ్ల తరబడి చెప్పినా వినని చెవులు, పక్కన ఒక ఇజ్రాయెలీ నిలబడి అదే మాట చెబితే వింటాయి. బెర్లిన్‌లో జరిగింది ఇంతకన్నా దారుణం. వేదిక మీద బాసెల్, యువాల్ ఇద్దరూ మాట్లాడారు. జర్మనీ సాంస్కృతిక మంత్రి క్లౌడియా రోత్ చప్పట్లు కొట్టింది. విమర్శలు రాగానే, ఆ చప్పట్లు ఇద్దరిలో ఇజ్రాయెలీ మనిషికేనని ఆమె శాఖ వివరణ ఇచ్చింది. ఒకే సినిమా తీసిన ఇద్దరికి కొట్టిన చప్పట్లను కూడా విడదీశారు.

అయినా నేను సినిమా తీసినవాళ్ల పక్షమే. ఎందుకంటే వాళ్లు ఆ అసమానతను దాచలేదు, సినిమా నడిమధ్యన పెట్టారు. యువాల్ కారుకి పసుపుపచ్చ నంబర్ ప్లేటు, అది ఎక్కడికైనా వెళుతుంది. బాసెల్ వాళ్లది ఆకుపచ్చ ప్లేటు, అది వెస్ట్ బ్యాంక్ దాటదు. యువాల్‌కి పౌర చట్టం, బాసెల్‌కి సైనిక చట్టం. రాత్రి పూట ఇద్దరూ సిగరెట్లు కాల్చుకుంటూ మాట్లాడుకుంటారు. తన వ్యాసాన్ని ఎక్కువమంది చదవలేదని యువాల్ దిగులుపడతాడు. నీకు అన్నీ తొందరగా తేలిపోవాలని ఉంటుంది, ఓడిపోవడం అలవాటు చేసుకోవాలి అన్నట్టు మాట్లాడతాడు బాసెల్. ఊరివాళ్లలో ఒకరైతే, మా ఇళ్లు కూలుస్తున్నది మీ అన్నదమ్ములే అయ్యుండొచ్చు, మనం స్నేహంగా ఎలా ఉంటాం అని యువాల్‌ని ముఖం మీదే అడుగుతాడు. ఆ ప్రశ్నను సినిమాలోంచి కోసేయొచ్చు, కోయలేదు. స్నేహం ఉంది కాబట్టి అంతా బాగుంది అని చెప్పే సినిమా అయితే ఇది ఉండేది కాదు.

2023 అక్టోబర్ 7 గురించి కూడా చెప్పాలి. హమాస్ దాడిలో ఇజ్రాయెల్‌లో సుమారు 1,200 మంది చనిపోయారు, 251 మందిని బందీలుగా తీసుకెళ్లారు. తర్వాత గాజాలో ఇజ్రాయెల్ సైన్యం చేతిలో చనిపోయినవాళ్లు పదుల వేలు. సినిమా ఆ అక్టోబర్‌తో ఆగిపోతుంది, లోతుకి వెళ్లదు. బాసెల్ బంధువు ఒకరి మీద ఒక సెటిలర్ (వెస్ట్ బ్యాంక్ నేలలో కాలనీలు కట్టుకుని ఉంటున్న ఇజ్రాయెలీ) దగ్గరి నుంచి తుపాకీ పేల్చిన దృశ్యంతో ముగింపుకి వస్తుంది. కొందరు దీన్ని లోపం అన్నారు. నాకు అలా అనిపించలేదు. ఇది ఒక ప్రాంతం కథ, ఆ కథ 1980ల నుంచి నడుస్తోంది. ఆస్కార్ వేదిక మీద యువాల్ గాజా విధ్వంసం ఆగాలని, బందీలను విడుదల చేయాలని రెండూ చెప్పాడు. చెప్పాల్సిన చోట చెప్పారు.

ఇక నన్ను ఎక్కువ వేధించే ప్రశ్న. కెమెరా పట్టి ఏం సాధించారు?

ఆస్కార్ వచ్చి నెల తిరగకముందే, మార్చి 24న, సూస్యాలో సెటిలర్లు హమ్‌దాన్ బల్లాల్ ఇంటి దగ్గరే అతన్ని కొట్టారు. గాయాలతో ఉన్నవాణ్ణి సైన్యం పట్టుకెళ్లి మర్నాడు వదిలింది. ఆస్కార్ ఇచ్చిన అకాడమీ మొదట అతని పేరు కూడా చెప్పకుండా ఒక ప్రకటన ఇచ్చింది. వందల మంది సభ్యులు సంతకాలు చేసి నిరసన తెలిపాక క్షమాపణ చెప్పింది. మే 5న ఖల్లెత్ అల్ దబా అనే పల్లెలో చాలా ఇళ్లను సైన్యం కూల్చేసింది. జూలై 28న ఉమ్ అల్ ఖైర్ పల్లెలో ఔదా హతలీన్‌ను కాల్చి చంపారు. ఇంగ్లీషు టీచరు, ముగ్గురు పిల్లల తండ్రి, ఈ సినిమాకు సాయపడినవాడు. ఒక సెటిలర్ తుపాకీ పేల్చడం వీడియోల్లో కనబడింది, ఔదా ఫోన్లో కూడా అది రికార్డయింది. ఆత్మరక్షణ కోసమే కాల్చానని ఆ మనిషి వాదన. కోర్టు అతన్ని గృహనిర్బంధానికి పంపి, కొద్ది రోజుల్లో దాన్నీ ఎత్తేసింది. ఔదా శవాన్ని మాత్రం వారం దాటాక గానీ కుటుంబానికి ఇవ్వలేదు. ఊరి ఆడవాళ్లు నిరాహార దీక్ష చేశారు. సెప్టెంబర్‌లో సెటిలర్ల దాడిలో బాసెల్ అన్నదమ్ములు గాయపడ్డారు. అతను ఆసుపత్రిలో ఉండగా సైనికులు అతని ఇంటికి వెళ్లి సోదా చేశారు.

కాబట్టి ఆస్కార్ ఊరిని కాపాడుతుందనుకున్నవాళ్లకు జవాబు దొరికింది. కాపాడలేదు.

కానీ వెస్ట్ బ్యాంక్‌లో కెమెరా చరిత్ర ఈ ఒక్క సినిమాతో మొదలవలేదు. రమల్లా దగ్గర బిలిన్ అనే ఊరుంది. 2005లో ఇమాద్ బుర్నాత్ అనే రైతు తన నాలుగో కొడుకు పుట్టాడని వీడియో కెమెరా కొన్నాడు. అదే ఏడు ఇజ్రాయెల్ కట్టే అడ్డుగోడ ఊరి పొలాల మీదుగా రావడం మొదలైంది. ప్రతి శుక్రవారం ఊరు నిరసనకి కదిలింది. ఇమాద్ తీస్తూ పోయాడు. ఒకటి తర్వాత ఒకటిగా అయిదు కెమెరాలు పగిలాయి, ఒకటి తూటాని తాను తీసుకుని అతన్ని కాపాడింది. స్నేహితుడు బాసెం అబూ రహ్మా 2009 ఏప్రిల్‌లో బాష్పవాయు గుండు ఛాతీకి తగిలి చనిపోయాడు. 2007లో ఇజ్రాయెల్ సుప్రీంకోర్టు గోడ దారి మార్చమంది. నిజంగా మార్చింది 2011లో. ఊరికి పొలంలో కొంత భాగం తిరిగొచ్చింది, అంతా రాలేదు. ఇజ్రాయెలీ దర్శకుడు గై డవిడితో కలిసి ఇమాద్ చేసిన '5 బ్రోకెన్ కెమెరాస్' ఆస్కార్‌కి నామినేట్ అయింది. 2013లో ఆ వేడుకకి భార్యా కొడుకుతో వెళితే లాస్ ఏంజెలెస్ విమానాశ్రయంలో అధికారులు ఆపేశారు. ఆస్కార్‌కి పిలిచారంటే నమ్మలేదు.

బెత్సెలెమ్ అనే ఇజ్రాయెలీ మానవ హక్కుల సంస్థ 2007 నుంచి పాలస్తీనా కుటుంబాలకు చిన్న కెమెరాలు ఇచ్చింది. 2008లో సూస్యా దగ్గర ముసుగులు వేసుకున్నవాళ్లు కర్రలతో గొర్రెల కాపరులను కొట్టడం అలా ఒక ఇంటావిడ కెమెరాకి దొరికింది. ఆ ఏడే నీలిన్ ఊళ్లో, చేతులు కట్టి కళ్లకు గంతలు కట్టిన మనిషి కాలి మీద సైనికుడు రబ్బరు తూటా పేల్చడాన్ని ఒక టీనేజి అమ్మాయి ఇంటి కిటికీలోంచి తీసింది. సైనికుడికీ, అతని పై అధికారికీ శిక్ష పడింది గానీ ఇద్దరూ జైలుకి వెళ్లలేదు. 2016 మార్చిలో హెబ్రాన్‌లో, కత్తితో దాడి చేసి గాయపడి నేల మీద కదలకుండా పడి ఉన్న ఒక యువకుడి తలలో ఎలోర్ అజారియా అనే సైనికుడు తూటా దింపాడు. పక్క ఇంట్లో ఉన్న బెత్సెలెమ్ వాలంటీర్ దాన్ని తీశాడు. అజారియాకి నరహత్య నేరం కింద 18 నెలల శిక్ష పడింది. దాన్ని తగ్గించారు, తొమ్మిది నెలలకే బయటికొచ్చాడు.

చాలా తక్కువ శిక్ష. కానీ వీడియో లేకపోతే అసలు కేసే ఉండేది కాదన్నది నా నమ్మకం. సైనికులను వీడియో తీయడాన్ని నేరం చేయాలని 2018లో ఇజ్రాయెల్ పార్లమెంటులో బిల్లు పెట్టారు. అయిదేళ్లు, కొన్ని సందర్భాల్లో పదేళ్ల జైలు దాకా ప్రతిపాదించారు. చట్టం కాలేదు. కెమెరా వల్ల ఏమీ కాదనుకుంటే అలాంటి బిల్లు తెచ్చే అవసరం ఎవరికుంటుంది?

బాసెల్ సినిమాలో నాకు లోటుగా అనిపించింది ఒకటే. ఆడవాళ్లు ఇందులో చాలావరకు బాధ మోసేవాళ్లుగానే కనబడతారు. బడి కట్టింది వాళ్లు, శవం కోసం నిరాహార దీక్ష చేసింది వాళ్లు, సూస్యాలోనూ నీలిన్‌లోనూ కెమెరా పట్టింది వాళ్లు. వాళ్లు ఏమనుకుంటున్నారో, రాత్రి పూట ఏం మాట్లాడుకుంటారో వినాలనిపించింది. ఇద్దరు మగవాళ్ల సిగరెట్ కబుర్లకి దొరికినంత తీరిక హారూన్ తల్లి మాటకి దొరకలేదు. ఆ ఊళ్ల ఆడపిల్లల చేతుల్లోంచి సినిమాలు వచ్చినప్పుడు మనకి ఇంకో మసాఫెర్ యట్టా కనబడుతుంది.

చివరగా, ఇదంతా ఎక్కడో జరిగేది, మనకెందుకు అనేవాళ్లతో ఒక మాట. అక్టోబర్ 7 తర్వాత వెస్ట్ బ్యాంక్ కూలీలు ఇజ్రాయెల్‌లో పనికి వెళ్లకుండా ఆపేశారు. భవన నిర్మాణంలో మేస్త్రీలు, ఇనుము కట్టేవాళ్లు, సెంట్రింగ్ వాళ్లు ఒక్కసారిగా లేకుండా పోయారు. ఆ ఖాళీలు నింపడానికి మన దేశం నుంచి మనుషుల్ని తీసుకెళ్లారు. 2024లో హైదరాబాద్‌లో కూడా ఎంపికలు జరిగాయి. ఉత్తర తెలంగాణ నుంచి, గోదావరి జిల్లాల నుంచి ముసలివాళ్లను చూసుకునే పనికి ఇజ్రాయెల్ వెళ్లినవాళ్లు అంతకుముందు నుంచే ఉన్నారు. వెళ్లినవాళ్లను నేను తప్పు పట్టను. ఊళ్లో అప్పులు తీరాలంటే గల్ఫో, ఇజ్రాయెలో వెళ్లక తప్పని ఇళ్లు నాకు తెలుసు. నా ఫిర్యాదు మన పత్రికలూ ఛానెళ్ల మీద. ఎంపికల వార్తల్లో నెలకి జీతం ఎంతో రాశారు. ఆ ఉద్యోగం నిన్నటిదాకా ఎవరిదో, ఆ మనిషి ఇప్పుడు ఏం తింటున్నాడో రాసినది నా కంటపడలేదు.

ఆ మనిషి ఎవరో ఈ సినిమాలో కనబడతాడు. అందుకే దీనికి మంచి తెలుగు సబ్‌టైటిళ్లు కావాలి. నగరాల ఫిల్మ్ క్లబ్బుల్లో మనం ఇంగ్లీషు సబ్‌టైటిళ్లతో చూసి చర్చించుకుంటే చాలదు. నిజామాబాద్, జగిత్యాల, రాజోలు లాంటి చోట్ల, పాస్‌పోర్టు చేతిలో పట్టుకుని వీసా కోసం చూస్తున్న మేస్త్రీలు, వాళ్ల ఇళ్లవాళ్లు చూసేలా చేయాలి. ఎడిటర్ మిత్రుణ్ణి కూడా అదే అడిగాను. సబ్‌టైటిళ్లు నేను రాస్తాను, టైమింగ్ నువ్వు చూసుకో, హక్కులున్నవాళ్లకి రాసి అనుమతి అడుగుదాం అన్నాను. సినిమా ప్రచారమే అన్న మాట మీద అతను ఇంకా ఉన్నాడు. అనుమతి వస్తే టైమింగ్ మాత్రం చేసి పెడతానన్నాడు. ఉత్తరం ఈ వారం పంపుతున్నాం.